కిరీటాల కార్ఖానా నడిపిన మనిషి: ఓస్మెల్ సౌసా

2002 డిసెంబర్ మొదట్లో వెనెజులాలోని మరకైబో సరస్సులో ఒక పెద్ద చమురు ట్యాంకర్ లంగరు దించి, ఇక కదలనని మొండికేసింది. అధ్యక్షుడు హ్యూగో చావెజ్‌కు వ్యతిరేకంగా మొదలైన సమ్మెలో ఆ ఓడ కెప్టెన్, సిబ్బంది చేరిపోయారు. కడుపు నిండా పెట్రోలుతో ఓడలు వెళ్లే దారికి అడ్డంగా నిలబడిపోయిన ఆ ట్యాంకర్‌ను టీవీలు రోజూ చూపించాయి. సమ్మెకు అదే గుర్తయిపోయింది. ఆ ఓడ పేరు పిలిన్ లియోన్. 1981లో లండన్‌లో మిస్ వరల్డ్ కిరీటం గెలిచిన అమ్మాయి పేరది. వెనెజులా ప్రభుత్వ చమురు కంపెనీ తన ట్యాంకర్లకు అందాల పోటీల్లో గెలిచిన అమ్మాయిల పేర్లు పెట్టుకుంది. సమ్మె అణిగాక ప్రభుత్వం ఆ పేర్లు తీసేసింది. పిలిన్ లియోన్ కాస్తా నెగ్రా మతేయా అయింది. అది వెనెజులా స్వాతంత్ర్య వీరుడు సిమోన్ బొలివార్‌ను చిన్నతనంలో సాకిన నల్లజాతి దాది పేరు.

చమురు ఓడలకు అందాల రాణుల పేర్లు పెట్టిన దేశం ఇంకెక్కడ ఉంటుంది? అప్పట్లో వెనెజులాకు ప్రపంచంలో పేరు తెచ్చినవి రెండే. ఒకటి భూమిలోంచి తోడిన చమురు. రెండోది రాజధాని కరాకస్‌లో, మిస్ వెనెజులా పోటీ సంస్థ నడిచిన ఒక గులాబీ రంగు బంగళాలో తయారైన అమ్మాయిలు. దాదాపు నలభై ఏళ్లపాటు ఆ బంగళాకు పెద్ద దిక్కు ఓస్మెల్ సౌసా. దేశానికి అధ్యక్షులు మారారు, పార్టీలు కూలాయి, కరెన్సీ కుప్పకూలింది. ఆయన కుర్చీ మాత్రం 2018 దాకా కదల్లేదు.

సౌసా వెనెజులాలో పుట్టినవాడు కాదు. 1946లో క్యూబాలోని రోదాస్ అనే చిన్న ఊళ్లో పుట్టారు. చిన్నప్పుడే వెనెజులాకు, మరకైబోలోని బంధువుల దగ్గరికి వచ్చేశారు. బొమ్మలు వేయడం బాగా వచ్చు. ఆ విద్యతోనే కరాకస్‌లో ఒక ప్రకటనల సంస్థలో పని దొరికింది. మిస్ వెనెజులా పోటీని నడిపేది అదే సంస్థ. అలా 1960ల చివర్లో ఆయన పోటీ పనుల్లోకి దిగారు. మొదట గౌన్లకు బొమ్మలు గీయడం, తర్వాత అమ్మాయిలకు సలహాలు చెప్పడం, ఆ తర్వాత వాళ్లను ఎంపిక చేయడం. 1981లో సంస్థ పగ్గాలు చేతికొచ్చాయి.

ఈ బొమ్మల సంగతి చిన్నదేమీ కాదు. సౌసా తర్వాత చేసిన పనంతా అక్కడి నుంచే మొదలైంది. గీసేవాడి కంటికి ముఖం ముందు గీతలుగా, కొలతలుగా కనిపిస్తుంది. ముక్కు కాస్త పొడవైతే రబ్బరుతో చెరిపి మళ్లీ గీయొచ్చు. సౌసా అమ్మాయిలను చూసిందీ అలాగే. కాగితం మీద రబ్బరు చేసే పని ఇక్కడ ప్లాస్టిక్ సర్జన్, పళ్ల డాక్టర్ చేశారు. లోపం కనిపిస్తే సరిచేస్తాను, సర్జరీతో తేలిగ్గా పోయేదాన్ని ఎందుకు వద్దనుకోవాలి అన్నది ఆయన వాదం. దాన్ని ఏనాడూ దాచుకోలేదు. అంతఃసౌందర్యం అనేదే లేదని, అందంగా లేనివాళ్లు తమను తాము సమర్థించుకోవడానికి కల్పించుకున్న మాట అదని 2013లో ఒక అమెరికా పత్రికతో అన్నారు. చాలామంది లోపల అనుకుని పైకి చెప్పని మాట ఇది. ఆయన బాహాటంగా చెప్పారు, అదే మాట మీద ఒక సంస్థను నడిపారు.

మిస్ వెనెజులా పోటీ 1952 నుంచీ ఉంది. పాన్ అమెరికన్ విమాన సంస్థ అండతో మొదలైంది. 1955లోనే సుసానా దుయిమ్ మిస్ వరల్డ్ గెలిచింది కూడా. కానీ ఆ తర్వాత 1979లో మారిత్సా సయలేరో మిస్ యూనివర్స్ అయ్యేదాకా ఆ రెండు పెద్ద పోటీల్లో ఇంకో కిరీటం రాలేదు. ఇరవై నాలుగేళ్ల ఎదురుచూపు అది. సౌసా సారథ్యం మొదలైన 1981లోనే ఇరెన్ సాయెజ్ మిస్ యూనివర్స్, పిలిన్ లియోన్ మిస్ వరల్డ్. ఒకే ఏడాది రెండు కిరీటాలు. అక్కడి నుంచి ఆగలేదు. ఆయన దిగిపోయే నాటికి వెనెజులా ఖాతాలో ఏడు మిస్ యూనివర్స్‌లు, ఆరు మిస్ వరల్డ్‌లు చేరాయి. 2008లో దయానా మెండోజా, 2009లో స్టెఫానియా ఫెర్నాండెజ్ వరసగా మిస్ యూనివర్స్ గెలిచారు. ఒక దేశం అమ్మాయి తన కిరీటాన్ని తన దేశపు అమ్మాయికే పెట్టడం ఆ పోటీ చరిత్రలో అదే మొదటిసారి. సుమారు మూడు కోట్ల జనాభా ఉన్న దేశానికి ఇన్ని కిరీటాలు అదృష్టం వల్లే వచ్చాయంటే నమ్మలేం.

ఆ పద్ధతి ఏమిటో చూడాలంటే గులాబీ బంగళాలోకి వెళ్లాలి. దాన్ని అక్కడ కింతా మిస్ వెనెజులా అంటారు. కింతా అంటే తోట ఉన్న ఇల్లు. సౌసా రోజుల్లో దేశం నలుమూలల నుంచి అమ్మాయిలు అక్కడికి వచ్చేవారు. హైహీల్స్ వేసుకుని, స్విమ్ సూట్‌లో, ఆయన ముందు నడిచేవారు. ఆయన కన్ను పైనుంచి కిందికి ఒకసారి వెళ్లి వచ్చేది. తర్వాత మాటలు సూటిగా వచ్చిపడేవి. ముక్కు. పళ్లు. నడుం. జుట్టు రంగు. ఇన్ని కిలోలు తగ్గాలి. ఎంపికైతే నెలల తరబడి శిక్షణ: ర్యాంప్ మీద నడక, జిమ్, మేకప్, మాటతీరు, కెమెరా ముందు నవ్వు. పోటీ రాత్రి వేదిక మీద ఒక్కొక్కరి పేరుతోపాటు ఛాతీ, నడుం, తుంటి కొలతలు చదివేవారు. అక్కడ అందరి నోటా ఉండే అంకె, సెంటీమీటర్లలో, 90-60-90.

తెలుగు పాఠకులకు ఈ దృశ్యం మరీ కొత్తగా అనిపించకపోవచ్చు. పెళ్లిచూపుల్లో అమ్మాయిని అటు నడిచి ఇటు రమ్మనడం, జడ నిజమైనదేనా అని చూడటం, రంగు కాస్త తక్కువే అని పక్కగదిలో గుసగుసలాడటం మన ఇళ్లలో ఎన్నో తరాలుగా జరిగిందే. అక్కడ చూసేవాళ్లు పెళ్లికొడుకు తరఫువాళ్లు, ఇక్కడ చూసేది ఒక సంస్థ. తేడా ఏమిటంటే, పెళ్లిచూపుల్లో కాదన్న అమ్మాయి ఉన్నది ఉన్నట్టే ఇంటికి వెళ్తుంది. ఇక్కడ అవునన్న అమ్మాయిని ఆపరేషన్ టేబుల్ మీదికి పంపేవారు.

ఇంకో ముఖ్యమైన విషయం ఉంది. చాలా దేశాల్లో జాతీయ పోటీకి ముందు ఊళ్లలో, రాష్ట్రాల్లో పోటీలు జరుగుతాయి. అక్కడ గెలిచిన అమ్మాయి తన ప్రాంతం పేరు భుజాన వేసుకుని పైకి వస్తుంది. సౌసా హయాంలో మిస్ వెనెజులా అలా నడవలేదు. అమ్మాయిలను సంస్థే ఎంచుకుని, ఎవరికి ఏ రాష్ట్రం పట్టీ వేయాలో అదే నిర్ణయించేది. కరాకస్‌లో పెరిగిన అమ్మాయి ఎన్నడూ చూడని రాష్ట్రం పేరుతో వేదికెక్కొచ్చు. పోటీ పద్ధతిగా చూస్తే ఇది చాలా చురుకైన ఏర్పాటు. స్థానిక కమిటీల గొడవల్లేవు, సిఫారసుల జాతరల్లేవు, కంటికి ఆనినవాళ్లే లోపలికి. కానీ అధికారమంతా ఒకే గదిలో, ఒకే మనిషి దగ్గర పోగుపడింది. ఆయన అభిరుచే దేశం అభిరుచి అయింది.

ఆ అభిరుచి ఎటు మొగ్గిందో కూడా చెప్పుకోవాలి. వెనెజులా మిశ్రమ రక్తపు దేశం. మూలవాసులు, ఆఫ్రికా నుంచి బానిసలుగా తెచ్చినవాళ్ల సంతతి, యూరప్ నుంచి వచ్చినవాళ్లు అందరూ కలిసిపోయిన జనం. వేదిక మీద మాత్రం సన్నటి ముక్కు, తేలికపాటి ఛాయ, పొడవాటి కాళ్లదే రాజ్యం. 1952లో మొదలైన పోటీలో ఆఫ్రికన్ మూలాలున్న అమ్మాయిగా గుర్తింపు పొంది కిరీటం గెలిచిన మొదటి అమ్మాయి కరోలినా ఇండ్రియాగో. అది 1998లో. దాదాపు అర్ధశతాబ్దం పట్టింది. ఈ తప్పు మొత్తం సౌసా నెత్తిన వేయడం న్యాయం కాదు. ఆయన రాకముందూ అదే చూపు ఉంది, తెల్లదనాన్ని అందమనుకునే జబ్బు మన ఫెయిర్‌నెస్ క్రీముల దేశంలోనూ తక్కువేమీ కాదు. కానీ దాన్ని మార్చగలిగే స్థానంలో ముప్పై ఏడేళ్లు కూర్చుని, ఆయన దాన్ని ఇంకా గట్టిపరిచారు.

భారతదేశానికి ఈ కథతో నేరుగా ముడిపడిన ఏడాది 1994. ఫిలిప్పీన్స్ రాజధాని మనీలాలో మిస్ యూనివర్స్ చివరి ముగ్గురిలో ఒకరు హైదరాబాద్‌లో పుట్టిన సుస్మితా సేన్, ఇంకొకరు కొలంబియా అమ్మాయి కరోలినా గోమెజ్, మూడో అమ్మాయి వెనెజులా నుంచి సౌసా పంపిన మినోర్కా మెర్కాదో. అదే ఏడాది దక్షిణాఫ్రికాలోని సన్ సిటీలో ఐశ్వర్యా రాయ్ మిస్ వరల్డ్ గెలిచినప్పుడు కూడా మూడో స్థానం వెనెజులాదే. 2000లో సైప్రస్‌లో లారా దత్తా చేతిలో చివరి మెట్టు మీద ఓడిపోయింది కూడా వెనెజులా అమ్మాయే, క్లౌదియా మొరెనో. ఆ రోజుల్లో అంతర్జాతీయ వేదిక మీద గెలవాలంటే వెనెజులాను దాటాలి.

మన దగ్గర ఫెమినా మిస్ ఇండియాను నడిపిన టైమ్స్ గ్రూపు 1990లలో శిక్షణ మీద గట్టిగా దృష్టి పెట్టింది. చర్మ వైద్యులు, వ్యాయామ శిక్షకులు, ఉచ్చారణ నేర్పేవాళ్లు, క్యాట్‌వాక్ నేర్పేవాళ్లు అందరూ ఒకే కప్పు కిందికి వచ్చారు. 2000లో ఒకే బ్యాచ్ నుంచి లారా దత్తా, ప్రియాంకా చోప్రా, దియా మీర్జా మూడు అంతర్జాతీయ కిరీటాలు తెచ్చారు. అందం పుట్టుకతోనే వస్తుందన్న నమ్మకం పోయి, కోచింగ్‌తో వస్తుందన్న నమ్మకం మన మధ్యతరగతి ఇళ్లలోకి చేరింది అప్పుడే. ఆ నమ్మకాన్ని మనకన్నా ముందే ఒక కార్ఖానాగా నిలబెట్టి చూపించింది కరాకస్. అయితే మన విజేతలకు పోటీ అయ్యాక సినిమా అనే పెద్ద గుమ్మం తెరిచి ఉంది. వెనెజులా అమ్మాయిలకు టీవీ ఉండేది. సిస్నెరోస్ గ్రూపుకు చెందిన వెనెవిజియోన్ ఛానల్ పోటీని ప్రసారం చేసేది, గెలిచినవాళ్లూ ఓడినవాళ్లూ యాంకర్లుగా, సీరియల్ తారలుగా అక్కడే తేలేవారు.

ఒకరు మాత్రం ఇంకా పెద్ద మెట్టెక్కారు. ఇరెన్ సాయెజ్ 1992లో కరాకస్‌లోని చకావో ప్రాంతానికి మేయర్‌గా గెలిచారు. పాలన బాగుందన్న పేరొచ్చింది. 1998 అధ్యక్ష ఎన్నికల బరిలోకి దిగినప్పుడు మొదట్లో సర్వేల్లో ముందున్నది ఆమే. తర్వాత ఒక పాత పార్టీతో చేతులు కలపడంతో జనం దూరమయ్యారు, చావెజ్ గెలిచారు. అందాల పోటీ నుంచి వచ్చిన ఆడమనిషి దేశాధ్యక్ష పదవి గుమ్మం దాకా వెళ్లగలిగిందంటే, ఆ కిరీటానికి అక్కడ ఉన్న విలువ సరదా విలువ కాదు. పేదింటి అమ్మాయికి పైకి వెళ్లే మెట్లు ఎన్నో లేని చోట అదొక నిజమైన మెట్టు. 2011లో మిస్ వరల్డ్ గెలిచిన ఇవియన్ సార్కోస్ చిన్నతనంలోనే తల్లిదండ్రులను పోగొట్టుకుని, నన్‌ల దగ్గర పెరిగిన అమ్మాయి. సౌసాను తిట్టేవాళ్లు ఈ మాట మరిచిపోకూడదు. చాలామంది అమ్మాయిల జీవితం ఆయన చేతుల మీదుగా మారింది, వాళ్లలో కొందరు ఈ రోజుకీ ఆయన పేరు గౌరవంగానే తలుస్తారు.

మరి ఆ మెట్టుకు కట్టిన ధర? వెనెజులా అమ్మాయి అలీసియా మచాదో కథ ప్రపంచమంతా చూసింది. 1996లో మిస్ యూనివర్స్ గెలిచాక ఆమె బరువు పెరిగింది. అప్పటి పోటీ యజమాని డొనాల్డ్ ట్రంప్ 1997 జనవరిలో న్యూయార్క్‌లో ఆమెను జిమ్‌కు తీసుకెళ్లి, కెమెరాల ముందు వ్యాయామం చేయించారు. ఇరవై ఏళ్ల పిల్ల చుట్టూ ఫోటోగ్రాఫర్లు మూగి ఉండగా తాడాట ఆడింది. తిండికి సంబంధించిన జబ్బులతో ఏళ్లపాటు బాధపడ్డానని ఆమే తర్వాత చెప్పుకున్నారు. ఆ అవమానానికి బాధ్యుడు ట్రంప్. కానీ అమ్మాయి శరీరం ఆమెది కాదు, కిరీటానిది అన్న లెక్క కరాకస్ బంగళాలోనే మొదలై, న్యూయార్క్ జిమ్‌లో బయటపడింది.

ఆ లెక్క పోటీదారుల దగ్గరే ఆగలేదు. బట్టల షాపుల్లో నిలబెట్టే బొమ్మలు కూడా మారిపోయాయి. మామూలు బొమ్మలు అమ్ముడుపోకపోతే, వెనెజులాలోని వాలెన్సియా నగరంలో ఒక తయారీదారు ఛాతీని బాగా పెద్దది చేసి, నడుమును సన్నగా చెక్కిన బొమ్మలు చేశాడు. అవి దేశమంతా అమ్ముడయ్యాయి. షాపు అద్దం ముందు నిలబడ్డ అమ్మాయికి గౌనుతోపాటు ఆ ఒంటి కొలత కూడా కంట్లో పడేది.

2010లలో దేశం మారిపోయింది. చమురు ధర పడిపోయింది, డబ్బు విలువ నీరుగారింది, మందులు, తిండి దొరకడం గగనమైంది. లక్షల మంది దేశం విడిచి వెళ్లారు. 2014 జనవరిలో 2004 నాటి మిస్ వెనెజులా మోనికా స్పియర్‌ను, ఆమె మాజీ భర్తను హైవే మీద కారు ఆగిపోయినప్పుడు దొంగలు కాల్చి చంపారు. చిన్న కూతురు గాయపడి బతికింది. హత్యలకు అలవాటు పడిపోయిన దేశం ఆ రోజు వీధుల్లోకి వచ్చి ఏడ్చింది.

అలాంటి దేశంలో పోటీకి తయారయ్యే ఖర్చు మాత్రం తగ్గలేదు. గౌన్లు, సర్జరీలు, జిమ్, పళ్ల వైద్యం, కరాకస్‌లో ఉండటానికి ఇల్లు. మామూలు కుటుంబం ఇంత ఎక్కడి నుంచి తెస్తుంది? స్పాన్సర్ కావాలి. దేశం దివాలా తీస్తున్న రోజుల్లో డబ్బున్న స్పాన్సర్లు ఎవరు? ప్రభుత్వంలో పలుకుబడి ఉన్నవాళ్లు, వాళ్ల చుట్టూ తిరిగే కాంట్రాక్టర్లు. ఈ గుసగుసలు ఏళ్లుగా ఉన్నాయి. 2018 ఫిబ్రవరిలో సౌసా రాజీనామా చేశారు. ఆ తర్వాత మాజీ పోటీదారులు కొందరు సోషల్ మీడియాలో ఒకరి మీద ఒకరు ఆరోపణలకు దిగారు. పెద్దమనుషుల దగ్గర డబ్బు, కానుకలు తీసుకున్నారని, అమ్మాయిలను అలాంటివాళ్లకు పరిచయం చేసే వ్యవస్థ ఉందని మాటలు వచ్చాయి. మార్చిలో సంస్థ ఎంపికలు ఆపేసి, లోపల విచారణ జరుపుతామని ప్రకటించింది. తన మీద వచ్చిన ఆరోపణలను సౌసా ఖండించారు.

ఆరోపణల్లో నిజమెంత అన్నది ఒక ప్రశ్న. అంతకన్నా పెద్ద ప్రశ్న ఇంకొకటుంది. అవునూ కాదూ చెప్పే అధికారం ఒక్కరి దగ్గర, ఖర్చు భరించే భారం అమ్మాయి దగ్గర, అడిగే నాథుడు ఎవరూ లేని చోట, ఇలాంటిది జరగకుండా ఆపేది ఏది? నిర్వాహకుడు ఎంత నిజాయతీపరుడైనా, ఆ ఏర్పాటులోనే అమ్మాయి ఒంటరి అయిపోతుంది. ఇది వెనెజులాకే పరిమితమైన జబ్బు కాదు. 2025 మే నెలలో హైదరాబాద్‌లో మిస్ వరల్డ్ జరిగినప్పుడు, ఇంగ్లండ్ పోటీదారు మధ్యలోనే వెళ్లిపోయి, విందులో డబ్బున్న అతిథుల మధ్య కూర్చోబెట్టి వాళ్లను మెప్పించమన్నారని ఆరోపించారు. నిర్వాహకులు కాదన్నారు, తెలంగాణ ప్రభుత్వం విచారణకు ఆదేశించింది. మే 31న థాయ్‌లాండ్ అమ్మాయికి కిరీటం పెట్టేనాటికి ఆ మాట ఎన్నో దేశాల పత్రికల్లోకి ఎక్కింది. బల్ల దగ్గర అమ్మాయి పక్కన ఎవరు కూర్చుంటారు, ఎవరి డబ్బుతో కూర్చుంటారు అన్న ప్రశ్న కరాకస్‌లో ఎలా వచ్చిందో హైదరాబాద్‌లోనూ అలాగే వచ్చింది.

సౌసా తర్వాత పని చూసుకున్నారు. అమెరికాలోని స్పానిష్ టీవీ రియాలిటీ షోలో కటువుగా మాట్లాడే జడ్జిగా ఆయనకు ముందే పేరుంది. మిస్ వెనెజులా వదిలాక అర్జెంటీనా, ఉరుగ్వే పోటీల బాధ్యత తీసుకున్నారు. కానీ కరాకస్‌లో చేసినది అక్కడ మళ్లీ కుదరలేదు. ఒక దేశం మొత్తం ఒక పోటీ మీద అంత ఆశ పెట్టుకున్న రోజులవి. ఆ ఆశను ఆయన పుట్టించలేదు. చమురు డబ్బు, ఒక టీవీ ఛానల్, పైకి రావాలన్న జనం తపన కలిసి పుట్టించాయి. ఆయన దానికి ఒక ముఖం గీశారు.

గులాబీ బంగళా బాధ్యత ముగ్గురు ఆడవాళ్లకు అప్పగించారు. ముగ్గురూ ఒకప్పుడు ఆయన ముందు నడిచినవాళ్లే: 1985 మిస్ ఇంటర్నేషనల్ నినా సిసిలియా, 2013 మిస్ యూనివర్స్ గాబ్రియేలా ఇస్లర్, 1996లో బెంగళూరులో తన తర్వాతి విజేత తలమీద కిరీటం పెట్టిన 1995 మిస్ వరల్డ్ జాక్వెలిన్ అగిలేరా. వాళ్లు వచ్చాక జరిగిన మొదటి పోటీ 2018 డిసెంబర్‌లో. పెద్ద ఆడిటోరియం లేదు, టీవీ స్టూడియోలోనే కానిచ్చారు. గెలిచింది ఇసబెల్లా రోద్రిగెజ్. కరాకస్ అంచున కొండవాలు మీద ఒకదాని మీద ఒకటి పేర్చినట్టు ఇళ్లుండే పేతారే అనే పేదల బస్తీ అమ్మాయి. భుజం మీద పట్టీ మాత్రం పోర్తుగేసా రాష్ట్రానిది, పాత పద్ధతి ప్రకారమే. అమ్మాయిలు ఒక్కొక్కరే ముందుకు వచ్చినప్పుడు పేరు చదివారు, ఊరు చదివారు. ఛాతీ, నడుం, తుంటి అంకెలు చదవలేదు.